ఆట తీయించిన పాటల పెట్టె

"అవి తీయడం కుదరదు మేడం. కంపెనీవాడే లోపల పెట్టి పంపుతాడు. మీరు వాటి జోలికెళ్ళకండి, సరిపోద్ది."

విజయవాడలో సెల్‌ఫోన్లు బాగుచేసే షాపాయన నా మొహం కూడా చూడకుండా అన్నమాట ఇది. నేను తీసుకెళ్ళింది ఫోను కాదు, పాటలు వినే చిన్న పెట్టె. మా తమ్ముడి కూతురు కొత్త ఫోను కొనుక్కుని, తన పాత పాటల పెట్టెని "నీకు పనికొస్తుందత్తా" అని నాకు అంటగట్టింది. అగ్గిపెట్టె కన్నా కాస్త పెద్దది. మధ్యలో గుండ్రటి చక్రం, బొటనవేలితో దాన్ని రాస్తే పాటలు ఒకదాని తర్వాత ఒకటి కదులుతాయి. అంతవరకూ బాగానే ఉంది. కానీ దాంట్లో ఆటలున్నాయి. పేకాట ఒకటి, ఇటుకల గోడని బంతితో కొట్టేది ఒకటి, ఇంకా ఏవో. బస్సులో కూర్చుని నా పాట కోసం వేలు రాస్తే, కుదుపుకి వేలు జారి పేకముక్కలు పరుచుకుంటాయి. పక్కసీటు మనిషి నా జుట్టులో తెలుపునీ, నా చేతిలో పేకముక్కల్నీ మార్చి మార్చి చూస్తాడు.

"నాకక్కర్లేనివి నా దాంట్లో ఎందుకుండాలండీ?" అని షాపాయన్ని అడిగాను.

"ఉంటే ఏమవుద్ది మేడం? ఊరికే వచ్చినయ్యే కదా!"

ఊరికే వచ్చింది, జోలికెళ్ళకపోతే సరిపోద్ది. ఈ రెండు మాటలూ నాకు కొత్త కావు. చాలా ఏళ్ళ కిందట ఒక మామిడితోటలో, ఒక పెంకుటింటి అరుగు మీద, ఒక పెద్దమనిషి అచ్చం ఇలాగే అన్నాడు. అప్పుడు ఆ మాట పడ్డ మనిషి ఏం చేసిందో ఈ షాపాయనకి తెలియదు. ఎవరి మేనకోడలితో మాట్లాడుతున్నాడో అంతకన్నా తెలియదు. పని కాకుండానే షాపు మెట్లు దిగాను గానీ, తల ఎత్తుకునే దిగాను.

ఆవిడ మా నాన్నకి అక్క. ఆగిరిపల్లి దగ్గర ఆవిడ మామిడితోట, ఆ తోట అంచునే ఇల్లు. మావయ్య పోయాక తోట ఆవిడ పేరు మీదికి వచ్చింది. నేను నూజివీడులో డిగ్రీ చదివిన రోజుల్లో, అంటే ఎనభైల నడుమ, ఆవిడ దగ్గరే ఉండి కాలేజీకి బస్సులో వెళ్ళొచ్చేదాన్ని.

ఆవిడ పోయినప్పుడు పరామర్శకొచ్చిన వాళ్ళందరూ "ఎవర్నీ పల్లెత్తు మాట అనని మనిషి" అన్నారు. పోయినవాళ్ళ గురించి అబద్ధం చెప్పడం మనవాళ్ళకి మర్యాద. మా అత్తయ్య ఎవర్ని ఏమీ అనలేదో కాస్త చూపించమనండి. అందర్నీ అంది. మొహం మీదే అంది. వెనకాల అనడం మాత్రం చేతకాదు. నాకు పెళ్ళయిన కొత్తలో మా అత్తగారు "ఈ నోరు ఎవరి పోలికమ్మా?" అని దెప్పితే, "మా మేనత్తదండీ" అని చెప్పాను. సిగ్గుపడతాననుకుంది పాపం. నాకు పతకం ఇచ్చినట్టనిపించింది.

ఆవిడకి ఒక పిచ్చి ఉండేది, అక్కర్లేనిదాన్ని తీసేయడం. ఎరువుల కొట్టువాళ్ళు ఏటా ఇచ్చే క్యాలెండరులో సగం కొట్టు పేరే ఉండేది. కత్తెర తెచ్చి ఆ సగం కత్తిరించేసి, తేదీలు మాత్రం మేకుకి తగిలించేది. "పొద్దున్నే లేచి వాడి కొట్టు పేరు నేనెందుకు చదవాలే?" టీపొడి పొట్లంతో స్టీలు గ్లాసు ఉచితమని పంపితే, గ్లాసు వెనక్కి పంపించింది. "నేను టీపొడి కొన్నాను, గ్లాసు కొనలేదు." కొట్టాయన కంగారుపడి, గ్లాసుకి చిల్లుందేమోనని వెలుతురు వైపు ఎత్తి చూశాడట.

పిసినారితనం అనుకునేరు. ఆ ఇంటికి ఎవరొచ్చినా అన్నం తినకుండా వెళ్ళలేదు. కానీ ఆ కంచంలో కూడా ఒక కూర, ఒక పచ్చడి, పులుసు. అన్నీ ఉండేవి, ఏదీ ఎక్కువుండేది కాదు.

కాపు దిగిపోయాక చెట్లకి ఎండుకొమ్మలు తీయించేటప్పుడు ఆవిడని చూడాలి. గొడుగు మడిచి, దాని మొనతో చూపిస్తూ చెట్టు చెట్టుకీ తిరిగేది. మామిడికొమ్మల మీద బదనిక పడుతుంది. వేరే మొక్క, కానీ చెట్టు మీదే మొలిచి చెట్టు రసమే తాగుతుంది. తెలియనివాళ్ళకి అదీ ఒక కొమ్మలాగే కనిపిస్తుంది. పైగా ముదురాకుల మధ్య నిగనిగలాడుతుంది, పూలు కూడా పూస్తుంది.

"పచ్చగా ఎంత బాగుందత్తయ్యా! ఉండనీరాదూ?" అన్నాను మొదటి ఏడు.

"బాగానే ఉంటది. దాని పచ్చదనం నా చెట్టుదే" అని, చెట్టెక్కిన మనిషిని కేకేసి మొదలంటా కొట్టించింది.

అలాంటి మాట అన్నాక ఆవిడ చేసే పని ఒకటుంది. ఎడమ అరచేతిని మోకాలి మీద వెల్లకిలా పెట్టేది. అంతే. ఇంక నీ దగ్గరేమైనా ఉంటే ఇందులో పెట్టు అన్నట్టు. నేను కాలేజీలో వక్తృత్వపు పోటీలకి వెళ్ళినదాన్ని, ఆ అరచేతిలో పెట్టడానికి ఎప్పుడూ నాకు మాట దొరికేది కాదు.

ఆవిడకి పాటలంటే ప్రాణం. పాడడం రాదు. పెదవులు మూసుకుని ముక్కుతో తీసే కూనిరాగం మాత్రం ఇంట్లో ఎప్పుడూ వినపడుతూనే ఉండేది. ఆ ఇంట్లో గోడకి అటువైపు వాటా ఆవిడ మరిదిది. రేడియో అటువైపు ఉండేది. మా అత్తయ్య గోడకి ఇటువైపు ముక్కాలిపీట వేసుకుని వినేది. పాట మంచి పట్టులో ఉండగా ఆయన వార్తలకి తిప్పేసేవాడు. ఆవిడ కూనిరాగంతో మిగతా పాట పూర్తిచేసుకుని లేచేది.

ఆ మరిదిని నేను చిన్నమావయ్య అనేదాన్ని. చెడ్డమనిషి కాదు. మొహమాటం ఎక్కువ, ఒళ్ళు బరువు ఎక్కువ, మీసం ఇంకా ఎక్కువ.

మా తోటలో కాయలు ఏరి, రకాలు విడదీసి, గడ్డిలో పేర్చే ఆడవాళ్ళలో ఒకావిడ కువైట్ వెళ్ళింది, ఇళ్ళల్లో పని చేయడానికి. సెలవు మీద వచ్చినప్పుడు నేరుగా మా అరుగు మీదికి వచ్చి, మా అత్తయ్య ఒళ్ళో ఒక పెట్టె పెట్టింది.

"ఏంటిది?"

"పాటల పెట్టండి. క్యాసెట్టు ఏసుకుని ఎక్కడికంటే అక్కడికి పట్టుకుపోవచ్చు. మీకేనండి. గోడకి చెవి పెట్టుకుని ఇనేవోరు గదా, నేను చూడలేదనుకున్నారా?"

మా అత్తయ్య దాన్ని పైటకొంగుతో తుడిచి, రెండు చేతుల్లోకీ తీసుకుంది. అరచెయ్యంత పెట్టె, ఎర్రగా మెరుస్తోంది. చెవులకి పెట్టుకునే తీగ ఉంది, బయటికి వినపడేలా చిన్న స్పీకరూ ఉంది. మూత మీద గాజుబిళ్ళ అతికించినట్టు ఒక కిటికీ. దాంట్లో ఒక ఆట. పైనుంచి గుడ్లు పడుతుంటాయి, కింద బుట్ట పట్టుకుని ఒక బొమ్మమనిషి. రెండు మీటలు నొక్కుతూ వాణ్ణి అటూ ఇటూ పరిగెత్తించి గుడ్లు పట్టించాలి. పట్టినప్పుడల్లా కీక్, వదిలేస్తే కుయ్యిమని ఏడుపు.

మా అత్తయ్య ఆ కిటికీ వంక ఒక్క నిమిషం చూసి, "ఇదెందుకు?" అంది.

చిన్నమావయ్య అప్పటికే వెనక నిలబడి ఉన్నాడు. "అబ్బ, ఒకసారి ఇలా ఇవ్వొదినా" అన్నాడు.

అంతే. ఆ పెట్టె మళ్ళీ మా వైపు రావడం గగనమైపోయింది. నలభై దాటిన మనిషి, పడకకుర్చీలో వెనక్కి వాలి, కళ్ళజోడు ముక్కు చివరికి జార్చి, గుడ్లు పట్టేవాడు. చొక్కాజేబులో పెట్టుకుని పొలానికి వెళ్ళేవాడు. మా అత్తయ్య పాట పెట్టుకుంటే పక్కన నిలబడేవాడు, "అయిపోయిందా వదినా?" అంటూ. పాట మధ్యలో మీట తగిలితే పాట నోరునొక్కి ఆట అరిచేది. రెండింటికీ అవే సెల్సు. గుడ్లకి సెల్సు అయిపోయి పాటలు జీరబోయేవి.

"తోటలో పూత రాలతంది, చూడండి మరిదిగారూ అంటే చూడరు. ఇక్కడ గుడ్లు రాలకుండా పడతన్నారు!"

"ఆటదేముందొదినా, ఊరికే వచ్చింది. నువ్వు దాని జోలికెళ్ళకు, సరిపోద్ది."

ఇదీ ఆ మాట.

"ఇవ్వనని చెప్పెయ్యొచ్చుగా అత్తయ్యా, నీ వస్తువేగా" అన్నాను.

"ఇవ్వనంటే రోజూ అనాలి. రోజూ మొహం మాడ్చుకుంటాడు. ఆట లేకపోతే అడగడు." అరచెయ్యి వెల్లకిలా పడింది.

ఇక్కడ ఆగి, తోట బేరం సంగతి చెప్పాలి. చెప్పకపోతే మిగతాది అర్థం కాదు.

మా వైపు పూత నిలిచి పిందె కట్టేసరికి వ్యాపారులు తోటల్లోకి దిగుతారు. చెట్లన్నీ తిరిగి చూసి, ఈ ఏడు కాపు ఎంత ఉంటుందో కంటితోనే అంచనా కట్టి, తోటని గుత్తకి తీసుకుంటారు. ఆ రోజుల్లో ఆ బేరం నోటితో జరిగేది కాదు. వ్యాపారి తన భుజం మీది తువ్వాలు తీసి, తన చేతి మీదా తోటవాడి చేతి మీదా కప్పేవాడు. తువ్వాలు కింద ఒకరి వేళ్ళు ఒకరు పట్టుకునేవారు. ఎన్ని వేళ్ళు పడితే అంత ధర. పైకి మాత్రం వానల గురించి మాట్లాడుకుంటూ ఉండేవాళ్ళు. చుట్టూ పదిమంది నిలబడినా ఒక్కడికీ ధర తెలియదు. తెలిస్తే పక్కతోటవాడు ఆ ధరే అడుగుతాడని వ్యాపారి భయం.

పరాయి మగవాడి వేళ్ళు ఆడమనిషి పట్టుకోకూడదు కదా. అందుకని మా అత్తయ్య తోట బేరానికి చిన్నమావయ్య చెయ్యి వెళ్ళేది. ఆవిడ గుమ్మంలో నిలబడి తువ్వాలు వైపు చూస్తూ ఉండేది. తువ్వాలు కాసేపు కదిలేది, ఆగిపోయేది. ఆయన వచ్చి "అంతేనొదినా, అంతకి మించి రాలేదు" అని ఒక అంకె చెప్పేవాడు. ఆయన మోసం చేశాడని నేను అనను, ఆవిడా ఎన్నడూ అనలేదు. కానీ ఆయన మొహమాటం మనిషి. కూరగాయల దగ్గర బేరమాడడానికే ఇబ్బంది పడేవాడు. అలాంటి వేళ్ళు ఎంతసేపు నిలబడతాయి?

"వేళ్ళు మరిదివి, తోట నాది. ఎరువేయించింది నేను, మందు కొట్టించింది నేను, బదనిక తీయించింది నేను. నా కాయ ధర నాకు ఆఖర్న తెలవాలా?" అని ఆ ఏడు పూత మీద ఉండగానే అంది. ఈసారి బేరం తనే చేస్తానంది.

"ఎట్టా చేస్తావొదినా? తువ్వాలు కింద చెయ్యి పెడతావా?" చిన్నమావయ్య ఎగతాళిగా అనలేదు. నిజంగానే భయపడి అడిగాడు.

ఆవిడ గొడుగు తీసుకుని చెట్లలోకి నడిచింది.

ముందు పెట్టె సంగతి తేల్చాలని ఒక ఉదయం నూజివీడు బయలుదేరింది. నేను తోడు. చిన్నమావయ్య కూడా వచ్చాడు, ఆపరేషనుకి తీసుకెళ్తున్న మనిషి వెనక దగ్గర బంధువు వచ్చినట్టు. బస్సులో ఆ పెట్టెని ఒళ్ళో పెట్టుకుని ఆఖరిసారి గుడ్లు పట్టుకున్నాడు.

బస్టాండు దాటాక రేడియోలు బాగుచేసే ఒక ఇరుకు కొట్టు. మెకానిక్కు పెట్టె విప్పి, లోపలికి తొంగిచూసి, నాలుక చప్పరించాడు.

"పాడైందేమీ లేదు కదమ్మా. బాగున్నదాన్ని తీయమంటారేంటండి?"

"బాగుంది. నాకక్కర్లేదు."

"తీస్తే పాట కూడా పోవచ్చండి. నేను హామీ ఇవ్వలేను. ఇలాంటిది నేనెప్పుడూ విప్పలేదు. పైగా మూతకి కన్నం పడుద్ది."

"పడనీ."

"పాట పోతేనో?" అన్నాను నేను ఉండబట్టలేక. కువైట్ నుంచి ఆవిడ కోసమని ఒక మనిషి మోసుకొచ్చిన వస్తువు. ఆవిడ పుట్టి బుద్ధెరిగాక, ఆవిడకి ఏది ఇష్టమో గమనించి ఎవరైనా తెచ్చిచ్చింది అదొక్కటే అని నాకు తెలుసు.

మా అత్తయ్య పెట్టె వంక చూసింది. "ఇప్పుడు మాత్రం నాకు పాట ఉందా ఏంటే? తియ్యవయ్యా" అంది.

సీసం కరిగిన పొగ లేచింది. మెకానిక్కు రెండు తీగలు ఊడదీశాడు, ఇంకో రెండు కలిపాడు. క్యాసెట్టు పెట్టి నొక్కాడు. ఏమీ రాలేదు. మళ్ళీ నొక్కాడు. రాలేదు. చిన్నమావయ్య "చెప్పానా?" అన్నట్టు నా వైపు చూశాడు. మా అత్తయ్య చెయ్యి పైటకొంగుని గట్టిగా పట్టుకుంది. మెకానిక్కు ఏదో గొణుక్కుంటూ ఒక తీగని మళ్ళీ అంటించాడు.

పాట గుప్పున వచ్చింది. కొట్టంతా నిండిపోయింది.

ఆ హోరులోనే మెకానిక్కు మా అత్తయ్య వైపు వంగి ఏదో చెప్పాడు, ఆవిడ తల ఊపి ఏదో అడిగింది. గుమ్మంలో నిలబడ్డ చిన్నమావయ్య "ఏంటంటన్నాడు? ఏంటంటన్నాడొదినా?" అని అరుస్తున్నాడు. ఆయనకి వినపడలేదు. ఆ క్షణంలో మా అత్తయ్య తల తిప్పి మరిదిని చూసింది, తర్వాత పెట్టెని చూసింది. ఎందుకు చూసిందో నాకు అప్పుడు తెలియలేదు.

మెకానిక్కు చెప్పింది ఏంటంటే, ఆట చెడిపోలేదు, దానికి రెండు పెన్సిలు సెల్సు కడితే విడిగా ఆడుతుంది అని. మా అత్తయ్య సందులో కొట్టుకి నన్ను పంపి ఒక ప్లాస్టిక్కు సబ్బుపెట్టె తెప్పించింది. దాని మూతకి కన్నం చేసి, ఆ కిటికీని అందులో బిగించి ఇచ్చాడు మెకానిక్కు.

"ఇదిగో మరిదిగారూ. మీ ఆట మీకు, నా పాట నాకు."

ఆయన మొహం వెలిగిపోయింది. తిరుగుబస్సులో సబ్బుపెట్టెలో కీక్ కీక్‌మని గుడ్లు పడుతూనే ఉన్నాయి. పాటలపెట్టె మూతకి మాత్రం చతురస్రంగా కన్నం మిగిలింది. బిళ్ళ అతికిద్దామా అంటే, "ఎందుకే, లోపల తిరగతందో లేదో కనపడతంది" అంది.

పిందె గోళీకాయంత అయ్యాక వ్యాపారి వచ్చాడు. నూజివీడు మనిషే, ఏళ్ళ తరబడి ఆ తోట తీసుకుంటున్నవాడే. చెట్లన్నీ తిరిగొచ్చి, అలవాటుగా తువ్వాలు తీసి చిన్నమావయ్య వైపు నడిచాడు.

"అటు కాదండి, ఇటు" అంది మా అత్తయ్య నులకమంచం మీద నుంచి. "బేరం నాతో. నోటితో చెప్పండి."

వ్యాపారి నవ్వాడు. హాస్యమనుకున్నాడు. అవతల కూలీలు పాదులు చేస్తున్నారు, కంచెకి అటువైపు పక్కతోటవాళ్ళు పని ఆపి చూస్తున్నారు.

"నోటితో ఎట్టా చెప్తానమ్మగారూ? పొద్దుగూకే లోపల జి. కొండూరు దాకా తెలిసిపోద్ది. రేపు ఏ తోటలోకి పోయినా ఇదే ధర అడుగుతారు. నేను కొంప ముంచుకోనా?"

"అయితే ఇవ్వను."

"మీ ఇష్టమండి" అని తువ్వాలు దులిపి భుజాన వేసుకుని వెళ్ళిపోయాడు.

వారం తిరిగేసరికి ఆ సంగతి అందరికీ పాకింది. వ్యాపారులు ఆ తోటవైపు రావడం మానేశారు. వచ్చిన ఒక్కడు కూడా చిన్నమావయ్య ఎక్కడ అని అడిగి, సంగతి విని, మంచినీళ్ళు తాగి వెళ్ళిపోయాడు. కాయ కోయించడానికి, బళ్ళు కట్టించడానికి, మార్కెట్లో నిలబడడానికి ఆవిడకి మనుషులు లేరు. ఆ కాపు మీదే ఏడాది గడవాలి. ఒక సాయంత్రం ఈదురుగాలి లేచింది. తెల్లారి చెట్ల కింద పిందెలు, పచ్చగా తివాచీ పరిచినట్టు. ఆవిడ ఆ పిందెల మధ్య గొడుగు మొనతో దారి చేసుకుంటూ నడిచింది. ఆ పూట కూనిరాగం లేదు.

"నా చెయ్యి పెడతానొదినా, కబురు చెయ్యి" అన్నాడు చిన్నమావయ్య. పాపం, సబ్బుపెట్టె జేబులో పెట్టేసి మరీ అన్నాడు.

"మీ చెయ్యి బంగారం మరిదిగారూ. నాకు రెండు చేతులున్నాయి."

నేను ఊరుకోలేక వాదనకి దిగాను. "ఆయన భయంలో న్యాయం ఉందత్తయ్యా. చుట్టూ జనం వింటుంటే ధర ఎలా చెప్తాడు? నువ్వు నీ పంతం చూసుకుంటున్నావు గానీ..."

"ఏమే, పెళ్ళిలో తాళి కట్టేప్పుడు గట్టిమేళం ఎందుకు వాయిస్తారే?" అంది హఠాత్తుగా.

"ఎవరైనా తుమ్మితే వినపడకూడదని."

"ఊఁ" అంది. అరచెయ్యి మోకాలి మీదికి వచ్చింది. ఈసారి నాతో వాదన గెలిచినందుకు కాదు. తనకే ఏదో దొరికినందుకు.

మర్నాడు నేను కాలేజీ నుంచి వస్తూ, ఆవిడ చెప్పినట్టే, సన్నాయి మేళం క్యాసెట్టు కొనుక్కొచ్చాను. పాత వ్యాపారికి కబురు వెళ్ళింది. "ధర ఎవరికీ వినపడదు. రమ్మన్నానని చెప్పు" అంది అత్తయ్య, కబురు పట్టుకెళ్ళే కూలీతో. ఆయన నమ్మి రాలేదు, కుతూహలం కొద్దీ వచ్చాడు.

మంచం మీద ఒక కొసన ఆవిడ, ఎదురుగా పీట మీద ఆయన. మధ్యలో ఎర్రపెట్టె. ఆవిడ మీట నొక్కింది. డోలు మోగింది, సన్నాయి లేచింది. గట్టిమేళం! పాదులు చేస్తున్న కూలీలు తలలెత్తారు. కంచె అవతల వాళ్ళు "ఎవరికే పెళ్ళి?" అనుకున్నారు. అంత చిన్న పెట్టెలో అంత గొంతు ఉందని నాకే తెలియదు. అది ఎదుటిమనిషికీ మనకీ మధ్య నిలబడి అరుస్తుంటే, చెవి దగ్గరికి పెడితే తప్ప మాట వినపడదు.

మావయ్య పోయిన దగ్గర్నుంచి ఆవిడ పెళ్ళిళ్ళలో వెనక గోడవారనే నిలబడేది. మేళం దూరం నుంచే వినేది. ఆవేళ ఆ మేళం ఆవిడ మంచం మీద కూర్చుని, ఆవిడ చెప్పినప్పుడు మోగింది.

వ్యాపారి అలవాటు చొప్పున తువ్వాలు తీశాడు. దాన్ని ఏం చేయాలో తెలియక మొహం తుడుచుకున్నాడు. తర్వాత ముందుకి వంగి ఏదో అన్నాడు. ఆవిడ తల అడ్డంగా ఊపింది. గొడుగు మొనతో రసాల చెట్లు చూపించి ఏదో అంది. ఆయన చేతులు తిప్పుతూ ఏదో చెప్పాడు, ఆకాశం చూపించాడు, బహుశా గాలివాన గురించి. ఆవిడ నేల చూపించింది. రాలినవి పోగా నిలిచినవి గట్టివని కాబోలు. ఆయన లేచాడు. ఆవిడ కదల్లేదు. ఆయన మళ్ళీ కూర్చున్నాడు. అవతల పడకకుర్చీలో చిన్నమావయ్య గుడ్లు పడుతున్నాడు గానీ కళ్ళు ఇటే ఉన్నాయి. గుడ్లన్నీ కింద పడుతున్నాయి.

అంతలో క్యాసెట్టు ఒకవైపు అయిపోయింది. టక్. తోటంతా ఒక్కసారి నిశ్శబ్దం. ఆ నిశ్శబ్దంలో వ్యాపారి గొంతు, సగం మాట మీద, అరుపులాగా, "...అంతకి మించితే మా ఆవిడ ఇంట్లోకి రానీదండీ!" అని వినిపించింది. కూలీలు గొల్లుమన్నారు. ఆయన నోటికి తువ్వాలు అడ్డం పెట్టుకున్నాడు. మా అత్తయ్య నవ్వలేదు. నిదానంగా క్యాసెట్టు తీసి, తిరగేసి, కన్నంలోంచి చక్రం తిరుగుతోందో లేదో చూసుకుని, మీట నొక్కింది. మళ్ళీ డోలు.

కాసేపటికి ఆవిడ అరచెయ్యి మోకాలి మీద వెల్లకిలా పడింది. ఆ చేతిలో పెట్టడానికి ఎదుటివాడి దగ్గర ఏదైనా ఉండడం నేనెప్పుడూ చూడలేదు. వ్యాపారి ఆ చెయ్యి వంక చూశాడు. చొక్కాలోపలి జేబులోంచి బయానా తీసి, తాకకుండా, అందులో పెట్టాడు.

మరుసటి ఏడు ఆయన వచ్చేటప్పుడు కొత్త సెల్సు తనే తెచ్చాడు. "మధ్యలో ఆగకుండా అండి" అన్నాడు. ఆ పై ఏడు బాపులపాడు వైపు నుంచి ఒకావిడ, ఈవిడలాగే తోట ఉండి మాట లేనావిడ, వచ్చి మొహమాటపడుతూ "మీ సన్నాయి పెట్టె ఒక్కరోజు ఇస్తారా?" అని అడిగింది. మా అత్తయ్య ఇచ్చింది. "తిరగేసే లోపల నోరు మూసుకోమని వాడికి ముందే చెప్పు" అని జాగ్రత్త కూడా చెప్పింది.

నా చేతిలో ఉన్న ఈ పెట్టెకి విప్పడానికి మరమేకు కూడా కనిపించడం లేదు. ఆ షాపు కాకపోతే ఇంకో షాపు ఉంది. రేపు వెళ్తాను.

మొదటిసారి బేరం అయిన ఆ సాయంత్రం వ్యాపారి వెళ్ళిపోయాక చిన్నమావయ్య మంచం దగ్గరికి వచ్చాడు. "ఎంతకిచ్చావొదినా?"

"సన్నాయి వినపడిందా?"

"చెవులు చిల్లులు పడేట్టు వినపడింది."

"అయితే బాగానే పనిచేసింది" అని, నా వైపు తిరిగి, "నీకేమన్నా వినపడిందటే?" అంది.

"ఒక్క ముక్క వినపడలేదత్తయ్యా."

ఆవిడ పెదవులు మూసుకుని కూనిరాగం అందుకుంది. గట్టిమేళం రాగమే. ఆ ఏడు తోట ఎంతకి పోయిందో చిన్నమావయ్యకి పోయేదాకా తెలియలేదు, నాకు ఇవాళ్టికీ తెలియదు. తెలియాల్సిన మనిషికి మాత్రం, ఆ ఏడు, అందరికన్నా ముందు తెలిసింది.